రిమోట్ డెస్క్‌టాప్ సర్వర్‌లో ఒకరికి కలిపిన ప్రింటర్ మిగతావారికి ఎందుకు కనిపించదు?

అడ్మిన్‌గా లాగిన్ అయి నెట్‌వర్క్ ప్రింటర్ కలిపితే అది మీకొక్కరికే కనిపిస్తోందని, అదే సర్వర్‌లో, అంటే అందరూ తమ కంప్యూటర్ల నుంచి లాగిన్ అయ్యే ఆ ఉమ్మడి యంత్రంలో పనిచేసే మిగతా 30 మందికి కనిపించడం లేదని, పైగా డిఫాల్ట్ ప్రింటర్ దానంతటదే మారిపోతోందని రాశారు. మీరు చేసిన పొరపాటేమీ లేదు. ప్రింట్ సర్వర్‌లో (ఆఫీసు ప్రింటర్లను అందరికీ పంచే యంత్రం) షేర్ చేసిన ప్రింటర్‌ను కలిపినప్పుడు, విండోస్ ఆ కనెక్షన్‌ను కలిపిన యూజర్ ప్రొఫైల్‌లోనే రాసుకుంటుంది కనుక, యంత్రం ఒకటే అయినా పక్క సెషన్‌కు, అంటే మరొకరి లాగిన్‌కు, దాని ఊసే తెలియదు.

అందరికీ కావలసిన ప్రింటరైతే విండోస్‌లోని ప్రింట్‌యూఐ (printui) కమాండ్‌ను జీఏ (/ga) స్విచ్‌తో నడిపి, ప్రింట్ పనులను వరుసలో పెట్టి పంపే స్పూలర్ సర్వీస్‌ను రీస్టార్ట్ చేయండి (భోజన విరామంలో చేయడం మేలు, లేదంటే ప్రింటవుతున్న పనులకు అంతరాయం కలుగుతుంది). తర్వాత ఎవరు లాగిన్ అయినా అది కనిపిస్తుంది. దాన్ని తీసేయాలంటే మళ్లీ అదే కమాండ్‌ను జీడీ (/gd) స్విచ్‌తో నడపాలి. యూజర్ తన సెషన్‌లో తొలగించుకున్నా మరుసటి లాగిన్‌కు తిరిగి వచ్చి కూర్చుంటుంది.

నేనొకప్పుడు మూడంతస్తుల ఆఫీసులో ఉన్న 14 ప్రింటర్లనూ ఇలాగే అందరికీ పెట్టేశాను. వారం తిరక్కుండానే పై అంతస్తులో కొట్టిన జీతాల స్లిప్పులు కింద రిసెప్షన్ ప్రింటర్లో, అందరి కళ్లెదుటా బయటికొచ్చాయి. ఆ తర్వాత అన్నిటినీ తీసేసి, గ్రూప్ పాలసీ ప్రిఫరెన్సెస్ (యూజర్లందరి సెట్టింగులనూ ఒకేచోటి నుంచి పెట్టే విండోస్ సదుపాయం) ద్వారా ఏ విభాగం సెక్యూరిటీ గ్రూపుకు ఆ విభాగం ప్రింటర్లు మాత్రమే వచ్చేలా టార్గెటింగ్ పెట్టాను. అక్కడ యాక్షన్‌గా రీప్లేస్ ఎంచుకోకండి. అది ప్రతి లాగిన్‌లోనూ ప్రింటర్‌ను తీసేసి మళ్లీ కలుపుతుంది, లాగిన్ నత్తనడక నడుస్తుంది. అప్‌డేట్ అనే యాక్షన్ చాలు. విండోస్ 2021 ఆగస్టు భద్రతా అప్‌డేట్ నుంచి మామూలు యూజర్లు ప్రింటర్ డ్రైవర్ (ప్రింటర్‌ను నడిపే సాఫ్ట్‌వేర్) వేసుకోలేరు కాబట్టి, డ్రైవర్లను మీరే సర్వర్‌లో ముందుగా వేసి ఉంచాలి.

డిఫాల్ట్ మారడానికి చాలాసార్లు కారణం, చివరిగా వాడిన ప్రింటర్‌నే డిఫాల్ట్ చేసే విండోస్ సదుపాయం. దాన్ని గ్రూప్ పాలసీలోనే ఆపవచ్చు. రెండో కారణం యూజర్ సొంత కంప్యూటర్ నుంచి సెషన్‌లోకి వచ్చే రీడైరెక్టెడ్ ప్రింటర్. దాని పేరు చివర సెషన్ నంబరు ఉంటుంది, ఆ నంబరు లాగిన్ లాగిన్‌కూ మారవచ్చు. మా బిల్లింగ్ ప్రోగ్రామ్ నిన్నటి 5వ నంబరు పేరును గుర్తుపెట్టుకుని, ఇవాళ 9గా వచ్చిన అదే ప్రింటర్‌ను చూసి "ప్రింటర్ లేదు" అనేది. చివరికి ఆ కౌంటర్లకు రీడైరెక్షన్ ఆపేసి, ప్రింట్ సర్వర్ ద్వారానే ప్రింటర్ ఇచ్చాను.