అప్పీలును కొట్టేశారా, తోసిపుచ్చారా?

ప్రశ్న: పొలం తగాదాలో మా నాన్నగారు జిల్లా కోర్టులో వేసిన అప్పీలు పోయింది. వకీలుగారు ‘డిఫాల్టులో డిస్మిస్ అయింది’ అన్నారు. ఊళ్లో వాళ్లు ‘కోర్టు తోసిపుచ్చిందట’ అంటున్నారు. డిఫాల్టు అంటే ‘ఎగవేత’ అని ఒకరు, ‘లోపం’ అని ఒకరు చెప్పారు. మేం ఎగ్గొట్టిందేమీ లేదు. తెలుగులో దీన్ని ఎలా చెప్పాలి?

సమాధానం: ముందు ‘తోసిపుచ్చడం’ సంగతి. ఈ మాట వాదనకు చెల్లుతుంది. వాదన విని, తూచి, ఇది నిలవదని పక్కకు నెడితే తోసిపుచ్చినట్టు. మీ నాన్నగారి వాదన కోర్టు వినలేదు. వాయిదా రోజున పిలిస్తే పలికేవాళ్లు లేక అప్పీలు పోయింది. సివిల్ ప్రొసీజర్ కోడ్ 41వ ఆర్డరు 17వ రూలు అలాంటప్పుడు అప్పీలును కొట్టివేయడానికి వీలిస్తుంది గానీ, అప్పీలుదారు లేనప్పుడు తగాదాలోని మంచిచెడ్డలు తేల్చి కొట్టివేయకూడదని దాని వివరణలోనే ఉంది. కాబట్టి ‘తోసిపుచ్చింది’ అంటే జరగని విచారణ జరిగినట్టు చెప్పడమే. ఊళ్లో ఆ మాట వింటే మీ నాన్నగారికి ఎంత కష్టంగా ఉంటుందో ఊహించగలను.

‘ఎగవేత’ బ్యాంకు అప్పుల దగ్గరి మాట. ‘లోపం’ అంటే కాగితాల్లో తప్పుందేమో అనిపిస్తుంది. మన కోర్టుల్లో ఎప్పటినుంచో ఉన్న మాట ‘గైరుహాజరు’. ‘గైరుహాజరు వల్ల అప్పీలు కొట్టివేత’ అనండి, ఎవరికైనా అర్థమవుతుంది.

గడువు దాటాక వేసిన అప్పీలు పోవడం వేరు. సివిల్ డిక్రీ మీద హైకోర్టుకైతే 90 రోజుల్లో, మిగతా కోర్టులకైతే 30 రోజుల్లో అప్పీలు వేయాలి. తీర్పు నకలు తీసుకోవడానికి పట్టిన రోజులు లెక్కలోంచి తీసేస్తారు. గడువు దాటితే, అవతలి పక్షం నోరెత్తకపోయినా కోర్టే కొట్టివేయాలని 1963 నాటి కాలపరిమితి చట్టం 3వ సెక్షన్ చెబుతుంది. దీన్ని కొందరు ‘కాలాతీతమైన అప్పీలు’ అని రాస్తున్నారు. నాకది నచ్చదు. కాలాతీతమైన కవిత్వం అంటే ఎన్నాళ్లైనా నిలిచేదని కదా ఈనాటి అర్థం! ‘గడువు మీరిన అప్పీలు’ అంటే సరిపోతుంది.

‘కాలదోషం పట్టింది’ అనే మాట మాత్రం నాకెంతో ఇష్టం. ఇనుముకు తుప్పు పట్టినట్టు, కదలకుండా పడివున్న హక్కుకు కాలదోషం పడుతుంది. అది పట్టకుండా పల్లెల్లో ప్రోనోటు మూడేళ్లు నిండేలోపు కొంత సొమ్ము జమచేయించి, నోటు వెనక బాకీదారు చేతనే చెల్లు రాయించి సంతకం పెట్టించుకుంటారు. అలా రాయిస్తే గడువు ఆ రోజు నుంచి మళ్లీ మొదలవుతుంది. చదువు రానివాళ్లకు కూడా కాలదోషం అనే మాట బాగా తెలుసు. అయితే ఇది నోటుకు, బాకీకి అతికినంత బాగా అప్పీలుకు అతకదు.

అప్పీలు ఆలస్యానికి తగిన కారణం చూపితే కాలపరిమితి చట్టం 5వ సెక్షన్ కింద కోర్టు దాన్ని మన్నించవచ్చు. ఆ దరఖాస్తులో ‘జాప్యానికి క్షమాపణ’ అని రాయడం సరికాదు. క్షమాపణ అంటే మనిషి చెప్పుకునేది. ‘34 రోజుల జాప్యాన్ని మన్నించి అప్పీలును స్వీకరించవలసిందిగా ప్రార్థన’ అంటే పద్ధతిగా ఉంటుంది.

‘డిస్మిస్’ ఒక్కటే అయినా తెలుగులో ఉద్యోగిని బర్తరఫ్ చేస్తాం, కేసును కొట్టివేస్తాం. ‘కొట్టివేత’ మంచి మాటే. పత్రికలు కారణం వదిలేసి ‘అప్పీలు కొట్టివేత’ అని శీర్షిక పెట్టినప్పుడే చిక్కు. గైరుహాజరా, గడువు మీరడమా, విచారించాక ఓడిపోవడమా? కారణాన్ని క్రియకు ముందు పెట్టడం తెలుగు వాక్యానికి సహజం. ఒక్క మాట చేర్చితే చాలు.

మీవాళ్లతో ‘నాన్న కేసు ఓడిపోయారు’ అనకండి. ‘గైరుహాజరు వల్ల అప్పీలు కొట్టేశారు, మళ్లీ ఫైలుకు ఎక్కించమని దరఖాస్తు పెట్టుకోవచ్చు’ అని చెప్పండి. సివిల్ ప్రొసీజర్ కోడ్ 41వ ఆర్డరులోని 19వ రూలు దానికి వీలిస్తుంది. అయితే దానికీ 30 రోజులే గడువు. కొట్టేసిన తేదీ ఏమిటో ఇవాళే వకీలుగారిని అడగండి.