టెక్ సందేహాలు: లైసెన్స్ కార్డు పోయింది, ఇప్పుడేం చేయాలి?

ఈసారి వచ్చిన ప్రశ్నల్లో చాలావరకు డ్రైవింగ్ లైసెన్స్ గురించే. పర్సు పోయిందని ఒకరు, కార్డు విరిగిందని ఇంకొకరు, సర్కారు పత్రాలను ఫోన్‌లో ఉంచుకునే డిజిలాకర్ యాప్ మొండికేస్తోందని మరికొందరు రాశారు. అందుకే ల్యాప్‌టాప్‌లు, ఇయర్‌బడ్స్ సంగతి వచ్చే వారానికి వాయిదా వేసి, వీటికే జవాబులు రాస్తున్నాను.

బస్సులో పర్సు కొట్టేశారు. లైసెన్స్ అందులోనే ఉంది. ఫోన్‌లో దాని ఫొటో ఉంది. కొత్త కార్డు వచ్చేదాకా అది చూపించి బండి నడపొచ్చా?

ఫొటో చూపిస్తే కుదరదు. అదే లైసెన్స్‌ని డిజిలాకర్‌లోకి గానీ కేంద్ర రవాణా శాఖ యాప్ ఎంపరివాహన్‌లోకి గానీ తెచ్చుకుని చూపిస్తే చెల్లుతుంది. ఇది ఎవరో దయతలచి ఇచ్చే వెసులుబాటు కాదు. కేంద్ర మోటారు వాహనాల నిబంధనల్లో 139వ నిబంధనను 2018 నవంబరులో సవరించి, పత్రాలను కాగితం రూపంలోనైనా ఎలక్ట్రానిక్ రూపంలోనైనా చూపించవచ్చని రాశారు. కాబట్టి మీ దగ్గర కార్డు లేదేమో గానీ లైసెన్స్ మాత్రం ఉంది. అసలు లైసెన్సే లేకుండా నడిపితే వేసే 5,000 రూపాయల జరిమానా సెక్షన్ మీలాంటి వాళ్ల కోసం కాదు.

ఇక్కడ చాలామంది బోల్తా పడే చోటు ఒకటుంది. డిజిలాకర్‌లో రెండు రకాల పత్రాలుంటాయి. ‘ఇష్యూడ్’ అనే విభాగంలోకి వచ్చేవి రవాణా శాఖ రికార్డుల నుంచి నేరుగా వస్తాయి. ఐటీ చట్టం కింద ఒరిజినల్‌తో సమానమైన హోదా వీటికే ఉంది. మీరే స్కాన్ చేసి ఎక్కించుకున్నవి ‘అప్‌లోడెడ్’ విభాగంలో ఉంటాయి. వాటి విలువ జిరాక్స్ కాపీ విలువే. యాప్ ఒకటే కదా అని అప్‌లోడ్ చేసిన కార్డు ఫొటో చూపించి, చెకింగ్ దగ్గర వాదనకు దిగకండి. ఆ వాదనలో మీరే ఓడిపోతారు.

ఒక పని ఇప్పుడే చేసి పెట్టుకోండి. డిజిలాకర్‌లోని లైసెన్స్ పీడీఎఫ్‌ని ఫోన్‌లోకి దించుకోండి. సిగ్నల్ లేని చోట యాప్ చక్రం తిప్పుతూ కూర్చుంటే మీకూ విసుగు, ఎదుటి కానిస్టేబుల్‌కీ విసుగు.

డిజిలాకర్‌లో లైసెన్స్ నంబర్ కొడితే రికార్డు దొరకలేదని వస్తోంది. నంబర్ పదిసార్లు సరిచూసుకున్నాను, తప్పు లేదు. ఆధార్ కూడా లింకై ఉంది. ఏమిటి కారణం?

నంబర్ తప్పు లేకపోతే పేరు చూడండి. తెలుగువాళ్ల విషయంలో పది కేసుల్లో తొమ్మిదింటికి ఇంటిపేరే కారణమని నా అనుమానం. ఆధార్‌లో ఇంటిపేరు పూర్తిగా ఉంటుంది, లైసెన్స్‌లో ఒక్క అక్షరమే ఉంటుంది. లేదంటే ఆధార్‌లో ఇంటిపేరు ముందుంటుంది, లైసెన్స్‌లో చివరికి వెళ్లి కూర్చుంటుంది. ‘వెంకట’ ఒకచోట విడిగా, ఇంకోచోట పక్క పేరుతో కలిసిపోయి ఉంటుంది. మనిషి చూస్తే ఇద్దరూ ఒకటేనని ఇట్టే తెలిసిపోతుంది. కంప్యూటర్‌కి మాత్రం ఇద్దరూ వేర్వేరు మనుషులు. డిజిలాకర్ మీ పేరు, పుట్టిన తేదీ ఆధార్ నుంచి తీసుకుని, రవాణా శాఖ రికార్డుతో పోల్చుకుంటుంది. తేడా ఎక్కువగా ఉంటే ఇవ్వదు.

దీనికి యాప్‌లో మందు లేదు. యాప్ తీసేసి మళ్లీ వేసుకున్నా, క్యాషే చెరిపినా ఒరిగేదేమీ ఉండదు. రెండు రికార్డుల్లో ఒకదాన్ని మార్చాల్సిందే. ఏది మార్చాలో తేల్చుకునే ముందు మీ పాన్, బ్యాంకు ఖాతా, పదో తరగతి సర్టిఫికెట్లలో పేరు ఎలా ఉందో చూసుకోండి. అవన్నీ ఆధార్‌తో కలుస్తుంటే లైసెన్స్‌లో పేరు సరిచేయమని ఆర్టీఓకి దరఖాస్తు పెట్టండి. లైసెన్స్ ఒక్కదాని కోసం ఆధార్ మార్చుకుంటే, రేపు బ్యాంకులో ఇదే తంతు మళ్లీ మొదలవుతుంది.

పేరు కలిసినా రాకపోతే నంబర్ రూపం చూడండి. ఇప్పటి నంబర్లలో ముందు రాష్ట్రం అక్షరాలు, తర్వాత ఆఫీసు కోడ్, ఇచ్చిన సంవత్సరం, చివర ఏడంకెల వరుస ఉంటాయి. ఉమ్మడి రాష్ట్రంలో ఇచ్చిన పాత కార్డుల మీద ముందు ‘డీఎల్’ అక్షరాలతో ఇంకో రకంగా ఉండే నంబర్లూ ఉన్నాయి. అడ్డగీతలు, ఖాళీలు తీసేసి ఒకసారి, ఉంచి ఒకసారి ప్రయత్నించండి.

అప్పటికీ రాలేదంటే మీది పుస్తకం రూపంలోనో కాగితం రూపంలోనో ఇచ్చిన పాత లైసెన్స్ అయి ఉండొచ్చు. అలాంటివి కొన్ని ఇంకా కంప్యూటర్‌లోకి ఎక్కలేదు. ఆర్టీఓ ఆఫీసులో ‘బ్యాక్‌లాగ్ ఎంట్రీ’ అని అడిగితే వాళ్లకు అర్థమవుతుంది. పాత పుస్తకం చేతిలో ఉన్నప్పుడే ఈ పని చేయించుకోవాలి. అది కూడా పోయాక వెళ్తే పని చాలా కష్టమవుతుంది.

కార్డు పోయింది, నంబర్ గుర్తులేదు. జిరాక్స్ కూడా లేదు. నంబర్ ఎలా తెలుసుకోవడం?

జిరాక్స్ లేదని మీరు అనుకుంటున్నారు. ఎక్కడో ఒకచోట ఉండే ఉంటుంది. గూగుల్ ఫొటోస్‌లో సెర్చ్ పెట్టె తెరిచి ‘లైసెన్స్’ అని ఇంగ్లిష్‌లో కొట్టి చూడండి. ఫొటోల్లో ఉన్న అక్షరాలను కూడా అది వెతుకుతుంది. ఎప్పుడో ఎవరికో వాట్సాప్‌లో పంపిన కార్డు అక్కడ బయటపడొచ్చు. అద్దె కారు యాప్‌లో ఎక్కించారా? బండి ప్రమాదానికి ఇన్సూరెన్స్ క్లెయిమ్ చేశారా? ఆ మెయిళ్లలో వెతకండి. లైసెన్స్ వచ్చినప్పటి ఎస్సెమ్మెస్‌లు ఉంటే వాటిలో దరఖాస్తు నంబరైనా ఉంటుంది. ఏదీ దొరక్కపోతే, లైసెన్స్ ఇచ్చిన ఆఫీసుకు ఆధార్ పట్టుకెళ్లి పేరు, పుట్టిన తేదీతో వెతికించుకోవాలి.

‘మీ లైసెన్స్ నంబర్ కనిపెట్టి ఇస్తాం’ అనే వెబ్‌సైట్లు చాలానే కనిపిస్తాయి. వాటిలో పుట్టిన తేదీ, ఫోన్ నంబర్, ఆధార్ నంబర్ కొట్టారంటే వాళ్లకు కావలసినవన్నీ మీ చేత్తో మీరే ఇచ్చినట్టు.

డూప్లికేట్ లైసెన్స్‌కి ఏజెంట్ లేకుండా ఆన్‌లైన్‌లో పెట్టుకోవచ్చా? వెబ్‌సైట్ చూస్తే టెన్షన్‌గా ఉంది.

పెట్టుకోవచ్చు. లైసెన్స్ పనులకు కేంద్రం పెట్టిన సారథి పోర్టల్ చూడటానికి గజిబిజిగా ఉన్నా పని చేస్తుంది. చిరునామా ‘పరివాహన్ డాట్ గవ్ డాట్ ఇన్’తో ముగుస్తోందో లేదో ముందు చూసుకోండి. సెర్చ్‌లో పైన వచ్చే ప్రకటనల లింకులు నొక్కొద్దు. తెలంగాణ పాఠకులు ముందుగా తమ రవాణా శాఖ సొంత వెబ్‌సైట్ చూడటం మంచిది. ఆ రాష్ట్రం చాలా కాలం విడి వ్యవస్థతోనే నడిచింది.

రాష్ట్రం ఎంచుకుని, డ్రైవింగ్ లైసెన్స్ సేవల్లోకి వెళ్లి, నంబర్, పుట్టిన తేదీ ఇస్తే మీ వివరాలు తెర మీదికి వస్తాయి. అక్కడ కంగారుపడి ముందుకు వెళ్లిపోకుండా రెండు చూడండి. మొదటిది గడువు తేదీ. డూప్లికేట్ అంటే అదే లైసెన్స్‌కి ఇంకో కార్డు, అంతే. గడువు పెరగదు. గడువు దగ్గర పడి ఉంటే రెన్యువల్ కూడా ఇప్పుడే చూసుకోండి. గడువు ముగియడానికి ఏడాది ముందు నుంచే దానికి వీలుంది. ముగిసి ఏడాది దాటిందా, మళ్లీ డ్రైవింగ్ పరీక్షకు వెళ్లాల్సిందే. రెండోది చిరునామా, ఫోన్ నంబర్. కొత్త కార్డు పోస్టులో వస్తే, అది వచ్చేది రికార్డులో ఉన్న చిరునామాకే. పదేళ్ల క్రితం ఖాళీ చేసిన అద్దింటికి కార్డు పంపించుకుని తర్వాత పోస్టాఫీసు చుట్టూ తిరిగేవాళ్లు నాకు తరచూ రాస్తుంటారు. చిరునామా మార్పు కూడా టిక్ పెట్టుకునే సేవల జాబితాలోనే ఉంటుంది.

ఆ జాబితాలో డూప్లికేట్, రీప్లేస్‌మెంట్, ఎక్స్‌ట్రాక్ట్ అని పక్కపక్కనే కనిపిస్తాయి. మీకు కావలసింది డూప్లికేట్. ఎక్స్‌ట్రాక్ట్ అంటే రికార్డు నకలు మాత్రమే, కార్డు కాదు.

2021 మార్చిలో కేంద్ర రవాణా శాఖ ఆధార్ ధ్రువీకరణతో ఇంటి నుంచే చేసుకోగల 18 సేవలు ప్రకటించింది. డూప్లికేట్ లైసెన్స్ వాటిలో ఒకటి. మీ రాష్ట్రంలో ఆ సదుపాయం ఉంటే ఆధార్ ఓటీపీతో పని పూర్తవుతుంది. లేకపోతే స్లాట్ బుక్ చేసుకుని ఒకసారి ఆఫీసుకు వెళ్లాలి. పోలీసు రిపోర్టు అడగడంలో రాష్ట్రానికో పద్ధతి ఉంది. అడిగినా అడగకపోయినా, దొంగతనమైతే ఫిర్యాదు ఇచ్చి రసీదు దగ్గర పెట్టుకోమనే నా సలహా. ఎందుకో కింది ప్రశ్నలో చెప్తాను. ఫీజు ఎంతో కట్టే ముందు తెర మీదే కనిపిస్తుంది. కట్టాక దరఖాస్తు నంబర్‌ని స్క్రీన్‌షాట్ తీసి, ఇంకెవరికైనా కూడా పంపి ఉంచండి.

ఒక హెచ్చరిక. ట్రాఫిక్ పోలీసులు స్వాధీనం చేసుకున్న లైసెన్స్‌నో, సస్పెండైన లైసెన్స్‌నో ‘పోయింది’ అని చూపించి డూప్లికేట్‌కి పెట్టకండి. అది తప్పుడు ప్రకటన అవుతుంది.

పోయిన లైసెన్స్‌తో ఎవరైనా నా పేరున లోన్ తీసుకోగలరా?

భయం అర్థం లేనిది కాదు. బ్యాంకుల కేవైసీకి, అంటే ఖాతాదారు ఎవరో నిర్ధారించుకోవడానికి, రిజర్వ్ బ్యాంకు ఒప్పుకున్న పత్రాల్లో డ్రైవింగ్ లైసెన్స్ కూడా ఉంది. పోలీసు ఫిర్యాదు రసీదు ఉంచుకోమన్నది ఇందుకే. రేపు ఏదైనా తేడా వస్తే, ఫలానా తేదీ నుంచి ఆ కార్డు నా దగ్గర లేదని చెప్పడానికి మీ చేతిలో కాగితం ఉంటుంది.

కేంద్ర టెలికాం శాఖ నడిపే సంచార్ సాథీ పోర్టల్‌లోకి వెళ్లి మీ పేరున ఎన్ని సిమ్‌లు ఉన్నాయో చూడండి. మీవి కానివి కనిపిస్తే అక్కడే ఫిర్యాదు చేయొచ్చు. రెండు మూడు నెలలాగి మీ క్రెడిట్ రిపోర్టు తెప్పించుకోండి. ఈ రిపోర్టులు తయారుచేసే ప్రతి సంస్థా ఏడాదికొకసారి పూర్తి రిపోర్టు ఉచితంగా ఇవ్వాలి. అందులో మీకు తెలియని లోన్ విచారణలు ఉంటే వెంటనే ఆ బ్యాంకుకు రాయండి. డబ్బు ఇప్పటికే పోయి ఉంటే ఆలస్యం చేయకుండా సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చేయాలి.

ఫోన్, పర్సు రెండూ ఒకేసారి పోయాయి. కొత్త సిమ్ తీసుకున్నాను, కాల్స్ వస్తున్నాయి కానీ డిజిలాకర్ ఓటీపీ రావడం లేదు. సిమ్ పాడైందా?

సిమ్ బాగానే ఉంది. డూప్లికేట్ సిమ్ మొదలయ్యాక 24 గంటలపాటు ఎస్సెమ్మెస్‌లు ఆపేస్తారు. మీ పేరుతో ఇంకెవరో సిమ్ తీసుకుని మీ బ్యాంకు ఓటీపీలు పట్టేయకుండా పెట్టిన కాపలా ఇది. ఇప్పుడు మీకే అడ్డం వచ్చినట్టు అనిపిస్తుంది గానీ, ఆ ఒక్క రోజూ ఓపిక పట్టండి. ఓటీపీ కోసం పదేపదే నొక్కితే ఖాతా కాసేపు లాక్ అయ్యే ప్రమాదం కూడా ఉంది.

ఈలోపు చేయాల్సిన పనులు చాలానే ఉన్నాయి. వేరే ఫోన్ నుంచి గూగుల్ ఖాతాలోకి వెళ్లి పోయిన ఫోన్‌ని లాక్ చేయండి. బ్యాంకుకు ఫోన్ చేసి కార్డులు, యూపీఐ ఆపించండి. పోలీసు ఫిర్యాదులో ఫోన్, లైసెన్స్ రెండూ రాయించండి. ఆ ఫిర్యాదు కాపీ, ఫోన్ పెట్టె మీదున్న ఐఎంఈఐ నంబర్ (ప్రతి ఫోన్‌కీ విడిగా ఉండే గుర్తింపు నంబర్) ఉంటే సంచార్ సాథీలోనే ఫోన్‌ని బ్లాక్ చేయించొచ్చు. దానికీ ఓటీపీ కావాలి కాబట్టి ఆ అడుగు రేపటికి.

లైసెన్స్ ప్యాంటు జేబులోనే ఉండిపోయి వాషింగ్ మెషీన్‌లో తిరిగింది. చిప్ ఊడొచ్చింది. లామినేషన్ చేయిస్తే సరిపోతుందా?

చేయించకండి. ఆ వేడికి మిగిలిన అక్షరాలు కూడా చెదిరిపోవచ్చు. చిప్ పోయినంత మాత్రాన మీ వివరాలు పోవు, అవి సర్వర్‌లో ఉన్నాయి. డిజిలాకర్ వాడుతూ, తీరిక దొరికినప్పుడు డూప్లికేట్‌కి పెట్టండి. పాడైన కార్డు పారేయొద్దు, ఆఫీసులో అప్పగించమంటారు.

‘మీ లైసెన్స్ సస్పెండ్ అయింది, వివరాలకు ఈ ఫైల్ తెరవండి’ అని వాట్సాప్‌లో ఏపీకే ఫైల్ వచ్చింది. ఆర్టీఓ బొమ్మ కూడా ఉంది.

డిలీట్ చేయండి. ఏపీకే అంటే ఫోన్‌లో యాప్‌ని ఇన్‌స్టాల్ చేసే ఫైల్. రవాణా శాఖ అలాంటివి పంపదు. ఇప్పటికే ఇన్‌స్టాల్ చేసి ఉంటే ముందు ఇంటర్నెట్ ఆపి, వేరే ఫోన్ నుంచి బ్యాంకుకు చెప్పి, ఆ తర్వాత ఫోన్‌ని ఫ్యాక్టరీ రీసెట్ చేయండి. ఎస్సెమ్మెస్‌లు చదివే అనుమతి దానికి దొరికితే మీ ఓటీపీలన్నీ అవతలివాడికి చేరిపోతుంటాయి.

డూప్లికేట్ వచ్చిన నెలకి పాత కార్డు సోఫా సందులో దొరికింది. రెండూ ఉంచుకోవచ్చా? ఒకటి ఇంట్లో, ఒకటి బండిలో పెడదామని.

ఆలోచన బాగుంది కానీ కుదరదు. దొరికిన పాత కార్డుని లైసెన్స్ ఇచ్చిన ఆఫీసులో అప్పగించాలి. బండిలో ఉంచుకోవడానికి డిజిలాకర్ ఎలాగూ ఉంది.