ఆ నోట్‌బుక్ పేజీ టైంపాస్ కాదండీ

ప్రశ్న: మా అమ్మాయి హైదరాబాద్‌లో హాస్టల్లో ఉండి బీటెక్ ఈసీఈ మూడో సంవత్సరం చదువుతోంది. భవనాల లోపల వైర్‌లెస్ సిగ్నల్ ఎక్కడ ఎంత ఉంటుందో ముందే అంచనా వేయడం మీద ప్రాజెక్టు చేస్తానని, తర్వాత అదే లైన్లో ఎంటెక్ చేస్తానని పట్టుబడుతోంది. ఫోన్ పట్టుకుని హాస్టల్ గదుల వెంట తిరుగుతూ ఏవో అంకెలు రాసుకుంటోంది. ఒక పేజీ ఫొటో పంపుతున్నాను. మా బంధువుల పిల్లలంతా ఏఐ వైపు వెళ్తున్నారు. ఆరు నెలల ఏఐ కోర్సు, ఉద్యోగం గ్యారంటీ అన్నారని ఒక ఇన్‌స్టిట్యూట్‌లో అడ్వాన్సు కూడా కట్టాను. రెండు దారులూ పోల్చి చెప్పండి. ఆడపిల్ల టవర్ల చుట్టూ తిరిగే ఉద్యోగం చేస్తే రేపు ఇబ్బంది కదా. — ఒక తండ్రి, ఖమ్మం

జవాబు: నమస్తే అండీ. మీ ఉత్తరం కన్నా ముందు నేను ఆ ఫొటోయే చూశాను. రూళ్ల కాగితం మీద నాలుగు గళ్లు గీసుకుంది మీ అమ్మాయి: గది, అంచనా, కొలత, తేడా. 212వ నంబరు గదికి అంచనా -64, కొలత -78, తేడా 14. ఇవి సిగ్నల్ బలాన్ని చెప్పే డీబీఎం అంకెలు; మైనస్ పక్కన అంకె పెద్దదయ్యేకొద్దీ సిగ్నల్ బలహీనమైనట్టు. పక్కన పెన్సిల్‌తో ‘ఇనప బీరువాలు?’ అని రాసింది. దాని కిందే ‘తలుపు తీసి ఒకసారి, వేసి ఒకసారి’ అని ఇంకో మాట.

ఇది టైంపాస్ అనుకుని మీరు పంపారు. నాకైతే ఈ మధ్య వచ్చిన ఉత్తరాలన్నిటిలోనూ సంతోషం కలిగించింది ఈ పేజీయే. ఎందుకో చెబుతాను.

సిగ్నల్ ఎన్ని రెట్లు పెరిగిందో, తగ్గిందో డెసిబెల్స్‌లో చెబుతారు. 14 డెసిబెల్స్ తేడా అంటే, తను లెక్క వేసినదానికంటే సిగ్నల్ శక్తి దాదాపు పాతిక రెట్లు తక్కువగా వచ్చిందని అర్థం. వైఫైలో కాల్ తెగకుండా నడవాలంటే సుమారు -67 డీబీఎం ఉండాలని డిజైన్ చేసేవాళ్లు లెక్క పెట్టుకుంటారు. లెక్క ప్రకారం 212లో కాల్ హాయిగా మాట్లాడుకోవచ్చు. నిజానికి ఆ గదిలో పిల్లలు ఫోన్ పట్టుకుని వరండాలోకి పరిగెత్తాలి. చాలామంది విద్యార్థులు ఇలాంటి వరుస వస్తే అంకె దిద్దేస్తారు, లేదా ఆ గదిని ప్రాజెక్టు రిపోర్టులోంచి తీసేస్తారు. మీ అమ్మాయి అంకెను అలాగే ఉంచి, కారణం వెతుకుతూ ప్రశ్నార్థకం పెట్టింది. ఆ ప్రశ్నార్థకం ఏ ఇన్‌స్టిట్యూట్లోనూ దొరకదండీ.

బయట మైదానంలో ఈ లెక్క తేలిక. దూరం రెట్టింపయితే 6 డెసిబెల్స్ పోతాయి, అంతే. భవనం లోపలికి వచ్చేసరికి ప్రతి గోడా, ప్రతి స్లాబూ, లిఫ్టు గుంతా, మనిషి ఒళ్లూ తలా కొంత తినేస్తాయి. అదైనా సూటిగా ఉండదు. అమెరికాలో ఒక ఆఫీసు భవనంలో 914 మెగాహెర్ట్జ్ దగ్గర కొలిచి 1992లో ప్రచురించిన ఫలితాలు ఈ రంగంలో అందరూ చదువుతారు. ఒక అంతస్తు దాటితే సుమారు 13 డెసిబెల్స్ పోయాయి. ఆ లెక్కన రెండు అంతస్తులకు 26 పోవాలి కదా, పోయింది 19 దాకానే. నాలుగు అంతస్తులకు 27. స్లాబుల్లోంచి రాలేని సిగ్నల్ కిటికీల్లోంచి బయటికి పోయి, గోడ వెంబడి వంగి, పై అంతస్తు కిటికీలోంచి మళ్లీ లోపలికి వస్తుంది కాబట్టి అలా జరుగుతుందంటారు. కూడికలు మాత్రమే నేర్చుకున్నవాళ్లకు ఈ సంగతి తట్టదు. గదిగదికీ తిరిగి కొలిచినవాళ్లకే తడుతుంది.

ఇప్పుడు మీ ఏఐ కోర్సు దగ్గరికి వద్దాం. ఏఐ మంచిదా కాదా అని నన్ను అడిగితే, మంచిదే. కానీ మీరు డబ్బు కట్టింది ఏఐకి కాదు, ఆ పేరున్న ఆరు నెలల కోర్సుకి. ఆ తేడా మీరు గమనించలేదు. ఇలాంటి కోర్సులు చేసి వచ్చిన పిల్లలతో నేను రోజూ మాట్లాడుతుంటాను. ఎవరో సిద్ధం చేసి పెట్టిన డేటా తీసుకుంటారు, ఎవరో రాసిపెట్టిన కోడ్ నడుపుతారు, 95 శాతం కచ్చితత్వం వచ్చిందని రెజ్యూమెలో రాస్తారు. ఆ డేటా ఎవరు కొలిచారు, ఏ పరికరంతో కొలిచారు, అందులో తప్పుంటే ఎలా తెలుస్తుంది అని ఇంటర్వ్యూలో అడిగితే మాట రాదు. అది పిల్లల తప్పు కాదు. వాళ్లకు అది ఎవరూ నేర్పలేదు.

సిగ్నల్ అంచనాలోకి కూడా ఏఐ వచ్చింది. ఫ్లోర్ ప్లాన్ ఇస్తే సిగ్నల్ మ్యాపు గీసే న్యూరల్ నెట్‌వర్కులు ఉన్నాయి. నా అనుమానమల్లా ఒక్కటే. ఒక రకం భవనాల మీద నేర్చుకున్న మోడల్ వేరే రకం భవనంలోకి వెళితే తడబడుతుంది. పాశ్చాత్య దేశాల ఆఫీసుల్లో ఉండే పల్చటి జిప్సం పార్టిషన్లు వేరు, మన హాస్టళ్ల తొమ్మిదంగుళాల ఇటుక గోడలు వేరు. పైగా వరసగా ఇనప బీరువాలు. మోడల్ గీసిన మ్యాపు అంతా పచ్చగానే కనిపిస్తుంది, తప్పు ఎక్కడుందో అది చెప్పదు. 212లోకి వెళ్లి కొలిచిన మనిషి చెప్పాలి. అలాంటి కొలతలు దొరకడమే ఇవాళ కష్టంగా ఉంది, మోడళ్లకేం కొదవ లేదు. అందుకే ఏఐ వల్ల ఈ పని పోతుందేమోనన్న భయం నాకు లేదు. పని తెలియకుండా ఏఐ మాత్రమే నేర్చుకునే పిల్లల గురించే నా దిగులు.

కొంచెం కటువుగా చెబుతాను, ఏమీ అనుకోకండి. అడ్వాన్సు కట్టే ముందు మీ అమ్మాయిని ఒక్క మాటైనా అడిగారా? ‘ఏవో అంకెలు’ అని రాశారు. ఆ అంకెలేమిటో చెప్పమ్మా అని పక్కన కూర్చోబెట్టుకుంటే పది నిమిషాల్లో మీకు అర్థమయ్యేలా చెప్పేది. నాకు ఫొటో పంపే తీరిక మీకు దొరికింది కానీ తనను అడిగే తీరిక దొరకలేదు. ఫీజు మీరు కడుతున్నారు కాబట్టి నిర్ణయమూ మీదేనని అనుకోవడం చాలా ఇళ్లలో చూస్తున్నాను. పిల్లలు ఎదురు చెప్పరు, సరే అంటారు. రెండేళ్ల తర్వాత ఏ ఆసక్తీ లేని ముఖంతో నా ముందు కూర్చుంటారు. గ్యారంటీ అన్న మాటను కాగితం మీద రాసిమ్మని ఆ ఇన్‌స్టిట్యూట్‌ని అడగండి. ఏ కంపెనీ, ఏ జీతం, రాకపోతే డబ్బు ఎప్పటిలోగా తిరిగిస్తారో రాయమనండి. వాళ్ల జవాబుతోనే మీకు విషయం తెలిసిపోతుంది.

మీ అసలు భయం ఉత్తరం చివరి వాక్యంలో ఉంది, అది నాకు అర్థమైంది. టవర్లు ఎక్కే పని వేరు, అందుకు రిగ్గర్లు ఉంటారు. భవనాల లోపల సిగ్నల్ అందేలా చేసే పనిని ఫీల్డులో ఐబీఎస్ (ఇన్ బిల్డింగ్ సొల్యూషన్) అంటారు. ఇందులో పని సగం కంప్యూటర్ ముందు ఫ్లోర్ ప్లాన్ మీద, సగం ఆస్పత్రులు, మాల్స్, మెట్రో స్టేషన్లు, ఆఫీసుల్లో పరికరం పట్టుకుని నడుస్తూ కొలవడం. దాన్ని వాక్ టెస్ట్ అంటారు. ఆడపిల్ల చేయలేని పని ఇందులో ఏదీ లేదు. మీ అమ్మాయి హాస్టల్లో ఇప్పటికే చేస్తున్నది అదే.

అయితే ఒక చేదు నిజం దాచను. బీటెక్ అవగానే వాక్ టెస్ట్, డ్రైవ్ టెస్ట్ (వాహనంలో తిరుగుతూ కొలవడం) ఉద్యోగాల్లో చేరినవాళ్లలో చాలామంది సబ్ కాంట్రాక్టర్ల కింద ఉంటారు. జీతాలు తక్కువ, తిరుగుడు ఎక్కువ, ఒక్కోసారి రాత్రి పని. అక్కడే ఆగిపోతే మీ బాధలో న్యాయం ఉంటుంది. మీ అమ్మాయి అక్కడ ఆగకూడదనే ఎంటెక్ అంటోంది, అది సరైన ఆలోచన. గేట్ సంగతులు తనకు తెలుసు, నేను చెప్పక్కర్లేదు. 2022లో ప్రారంభమైన స్వదేశీ 5జీ టెస్ట్‌బెడ్‌ను, అంటే 5జీ పరికరాలను పరీక్షించి చూసుకునే ఏర్పాటును, ఎనిమిది సంస్థలు కలిసి తయారుచేశాయి. వాటిలో ఐఐటీ హైదరాబాద్ ఒకటి. మీకు దూరమేమీ కాదు, సంగారెడ్డి దగ్గర కంది. ఆ స్థాయిలో చదివితే టెలికాం కంపెనీల ప్లానింగ్ విభాగాలు, పరికరాల తయారీ సంస్థలు, హైదరాబాద్‌లోనే ఉన్న చిప్ కంపెనీలు అందుబాటులోకి వస్తాయి.

అవసరం మాత్రం పెరుగుతోంది. మన దేశంలో 5జీ ఎక్కువగా నడిచే 3300 మెగాహెర్ట్జ్ బ్యాండు గోడల్లోంచి పాత 900 బ్యాండంత సులువుగా రాదు. కొత్త ఆఫీసు టవర్ల అద్దాలకు వేడి రాకుండా వేసే సన్నని లోహపు పూత సిగ్నల్‌నూ బయటే ఆపుతుంది. 2024 అక్టోబరులో టెలికాం నియంత్రణ సంస్థ ట్రాయ్, భవనాలకు డిజిటల్ కనెక్టివిటీ రేటింగ్ ఇచ్చే నిబంధనలు తెచ్చింది. దీంతో రేపే వేల ఉద్యోగాలొస్తాయని నేను అనను. కానీ ఫ్లాటు కొనేవాళ్లు నీళ్లు, పార్కింగుతో పాటు సిగ్నల్ గురించీ అడిగే రోజు వస్తోంది.

మీ అమ్మాయికి రెండు మాటలు. అమ్మా, కొలతలన్నీ ఒకే ఫోన్‌తో, ఒకే ఎత్తులో పట్టుకుని తీసుకో. రెండు ఫోన్లు పక్కపక్కన పెట్టినా వేర్వేరు అంకెలు చూపిస్తాయి. ఒక్కో చోట ఒక్క రీడింగ్ చాలదు, నాలుగడుగులు అటూ ఇటూ జరుగుతూ తీసి సగటు కట్టు. గోడల గుణాలకు అంతర్జాతీయ టెలికాం సంస్థ ఐటీయూ ఇచ్చిన పీ.2040 పత్రం, భవనం లోపలి నష్టాల లెక్కకు పీ.1238 పత్రం ఉచితంగా దొరుకుతాయి. తర్వాత ఎన్విడియా వాళ్ల సియోనా అనే సాఫ్ట్‌వేర్‌లో మీ హాస్టల్ నమూనా కట్టి రే ట్రేసింగ్ చెయ్యి, అంటే సిగ్నల్ కిరణాలు గోడలకు తగిలి ఎటు పోతాయో లెక్క కట్టు. అదీ ఉచితమే, పైథాన్‌లో నడుస్తుంది. నీ కొలతలు ఇస్తే గోడల గుణాలను వాటికి తగ్గట్టు సర్దుకుంటూ నేర్చుకునే ఏర్పాటు అందులో ఉంది. నాన్నగారు కోరుకుంటున్న మెషీన్ లెర్నింగ్ నీకు ఆ పనిలోనే వస్తుంది.

మీకు ఒక్క పని చెబుతానండీ. సంక్రాంతి సెలవుల్లో హాస్టల్ ఖాళీ అవుతుంది. మనుషులు లేనప్పుడు అవే గదులు మళ్లీ కొలిస్తే, 212లో పోయిన 14లో పిల్లల వల్ల ఎంత, బీరువాల వల్ల ఎంత అన్నది కొంతైనా తేలుతుంది. సెలవుల్లో రెండు రోజులు ఉండనివ్వమంటే వార్డెన్ తండ్రి సంతకం అడుగుతారు. ఆ ఉత్తరం మీరు రాసివ్వండి. వీలైతే మీరే వెళ్లండి. బీరువా పక్కకు జరపడానికి తనకు ఇంకో మనిషి సాయం కావాలి.