అడిగిన మనిషిని దాచకండి: ఒక యువ డాక్యుమెంటరీ దర్శకునికి లేఖ

ప్రియమైన మిత్రునికి,

మరణశిక్షపై మీరు తీసిన డాక్యుమెంటరీ రఫ్ కట్, అంటే తుది కూర్పుకు ముందరి ప్రతి, చూశాను. శబ్దగ్రహణం బాగుంది. ఈ ఉత్తరం రాయించింది మాత్రం పదవీ విరమణ చేసిన జైలు అధికారి దృశ్యం. “నా ఉద్యోగం నేను చేశాను” అని ఆయన కళ్లజోడు తీసి, చొక్కాకు తగిలించిన మైకును వేళ్లతో సవరించుకుని, ఇంకేదో చెప్పబోతూ ఊపిరి తీసుకుంటారు. సరిగ్గా అక్కడ మీరు కోసేసి, డ్రోన్‌తో తీసిన జైలు గోడలనూ వాటి మీద విషాద సంగీతాన్నీ పెట్టారు. నాకు చిర్రెత్తింది.

అంతకన్నా పెద్ద అభ్యంతరం ఇంకొకటి ఉంది. సినిమా మొత్తంలో మీ గొంతు ఒక్కచోట కూడా వినబడదు. ఆయన “అదేం లేదు” అంటారు. ఏది లేదంటున్నారో ప్రేక్షకుడికి తెలియదు. మీరు నిలదీశారా, బతిమాలారా, మీకు కావలసిన మాటనే ఆయన నోట పెట్టారా అన్నది తేలనప్పుడు, ఆ జవాబు పోలీసులు రాసుకున్న వాంగ్మూలంలాగే ఉంటుంది. వివాదాస్పద విషయాలను అరమరికలు లేని సంభాషణతో పరిశీలిస్తున్నానని చెప్పుకునేవారు అడిగిన మనిషిని దాచిపెట్టడాన్ని నేను ఏనాడూ ఒప్పుకోలేదు.

1960 వేసవిలో పారిస్‌లో ఫ్రెంచి దర్శకుడు జాఁ రూష్, సామాజిక శాస్త్రవేత్త ఎడ్గార్ మోరాఁ కలిసి, దారిన పోయేవారిని “మీరు సంతోషంగా ఉన్నారా?” అని అడిగించి ‘క్రానికల్ ఆఫ్ ఎ సమ్మర్’ అనే డాక్యుమెంటరీ తీశారు. దర్శకులిద్దరూ అందులో తెరపైనే కనబడతారు. పైగా తీసినదాన్ని పాల్గొన్నవారికే చూపి, వారి వాదులాటను కూడా చిత్రంలో చేర్చారు. కొందరికి అది నటనలా అనిపించింది, కొందరికి అంతగా బయటపడడం ఎబ్బెట్టుగా తోచింది. ఆ మాటలను కోసేయలేదు కాబట్టే ఈనాటికీ ఆ ఇద్దరినీ నమ్మబుద్ధవుతుంది.

ఒకప్పుడు ఒక టీవీ సంపాదకుడు నా చిత్రం చూసి, ప్రశ్నలన్నీ తీసేసి ఒక్కొక్క జవాబును పన్నెండు సెకన్లకు కుదించమన్నాడు. ప్రేక్షకులకు ఓపిక లేదట. దాన్ని ఆయన ఎప్పుడు కొలిచాడో! తర్వాత ‘సమతూకం’ కోసం అనుకూలంగా ఒకరు, వ్యతిరేకంగా ఒకరు ఉంటే చాలన్నాడు. ఎటూ తేల్చుకోలేక నలిగే మనిషికి ఆ లెక్కలో చోటే లేదు. చిత్రాన్ని వెనక్కి తెచ్చుకుని, అద్దె ప్రొజెక్టరుతో చిన్నచిన్న హాళ్లలో చూపించుకున్నాను. అప్పులు చాలాకాలం తీరలేదు. ఇప్పుడు మరో ఫ్యాషన్ వచ్చింది: ఎవరు కంటతడి పెట్టినా కెమెరా ముఖం మీదికి దూసుకుపోవలసిందే.

ఏ కెమెరా కొనాలని, ఏ చిత్రోత్సవానికి పంపాలని అడిగారు. వాటి సంగతి తర్వాత. ముందు మీ ప్రశ్నలను, తడబడి అడిగినవాటితో సహా, తిరిగి సౌండ్ ట్రాక్‌లోకి తీసుకురండి. ఆ ఊపిరి తర్వాత ఆయన ఏమన్నారో ఉంచండి. ఏమీ అనకపోతే ఆ మౌనాన్ని ఉన్నంతసేపూ ఉంచండి. కట్ సిద్ధమయ్యాక ఆయనకు చూపించి, ఆయన ఒప్పుకుంటే, చూశాక ఆయన అనే మాటలనూ రికార్డు చేయండి. ఆయన తీసేయమన్నదల్లా తీసేయనక్కరలేదు గానీ, ఆయన అభ్యంతరం ప్రేక్షకుడి చెవిన పడాలి. ఆ కట్ పంపితే చూస్తాను. డ్రోన్ దృశ్యాలు మాత్రం వద్దు.

ఇట్లు,
మీ శ్రేయోభిలాషి