దళారికి చట్టం పెట్టిన హద్దు యార్డు గేటు దాకే

మార్కెట్లలో దళారులకు చట్టపరంగా హద్దులేమైనా ఉన్నాయా, ఉంటే రైతు ఇంకా ఎందుకు నష్టపోతున్నాడు అని అడిగారు. హద్దులు ఉన్నాయి, 1966 మార్కెట్ల చట్టం నుంచే ఉన్నాయి. మార్కెట్ కమిటీ పరిధిలో సరుకు కొనాలన్నా, కమిషన్ మీద అమ్మిపెట్టాలన్నా, చివరికి కాటా వేయాలన్నా లైసెన్సు కావాలి. మరి సమస్యేంటంటే, మాది నెల్లూరు జిల్లా కోవూరు వైపు, మా కయ్యల్లో (పొలాల్లో) పండిన వడ్లు మార్కెట్ యార్డు గేటు దాటగా నేనెప్పుడూ చూడలేదు. బేరం కల్లం దగ్గరే, కాటా కల్లం దగ్గరే, లారీ అక్కడి నుంచి నేరుగా మిల్లుకు పోతుంది.

2025 రబీ కోతలప్పుడు జరిగింది చెప్తాను. ఏ గ్రేడు వడ్లకు మద్దతు ధర క్వింటాకు 2,320 రూపాయలు. మా దగ్గర పుట్టి అంటే 850 కిలోలు, అంటే పుట్టికి 19,720 రావాలి. మిషన్‌తో కోయించాం, వడ్లు పచ్చిగా ఉన్నాయి, పైన మబ్బు పట్టింది, పట్టలు సగం గింజలకే సరిపోయాయి. అప్పుడొచ్చాడు దళారి. పుట్టికి పదిహేడు వేలన్నాడు, అదీ పుట్టికి తొమ్మిది వందల కిలోలు తూస్తేనే అన్నాడు. తేమ, మట్టి, తాలు అన్నీ ఆ యాభై కిలోల్లోనే అట. మద్దతు ధర లెక్కన ఆ యాభై కిలోలే 1,160 రూపాయలు! తూకం కిలోల్లో, క్వింటాళ్లలో ఉండాలని 2009 తూనికల చట్టం చెప్తోంది కదన్నా, 850కి పైన ఏ లెక్కన తీసుకుంటావు అని గట్టిగానే అడిగాను. "ఇదేమన్నా యార్డా తమ్ముడూ? ఇష్టముంటే ఎత్తుదాం, లేకుంటే పక్కూళ్లో కల్లాలు నాకోసం కాచుకోనుండాయి" అన్నాడు. నాన్న నన్ను పక్కకు పిలిచి, "ఎరువులకు డబ్బులిచ్చింది ఆయనేరా, గమ్మునుండు" అన్నాడు. చట్టం గురించి ఇంకేం మాట్లాడను? లారీ ఎత్తించాం.

కమిషన్ ఎంత, లైసెన్సు ఉందా అని అందరూ ఆ చర్చే చేస్తారు. దళారి పట్టు కమిషన్‌లో లేదు, నాట్లప్పుడు ఇచ్చే అప్పులో ఉంది, కోతలప్పుడు వేసే కాటాలో ఉంది. ఈ రెండింటినీ ముట్టుకోని చట్టం ఎన్ని పేజీలున్నా మాకు ఒరిగేదేం లేదు.

మద్దతు ధరకు కొనే ప్రభుత్వ కొనుగోలు కేంద్రానికి పోవచ్చు కదా అంటారు. అక్కడ తేమ 17 శాతం మించకూడదు. మిషన్ కోసిన వడ్లు ఎండాలంటే చోటు కావాలి, రోజులు కావాలి, వాన రాకూడదు. ఆరబెట్టినా గోతాలు ఇంకా రాలేదంటారు. కౌలు రైతు గతి మరీ ఘోరం. 2019 చట్టం కింద కౌలు కార్డు రావాలంటే భూమి యజమాని సంతకం పెట్టాలి, భూమి ఎక్కడ పోతుందోనని ఆయన పెట్టడు. పంట ఈయనది, కాగితం ఆయనది. కేంద్రంలో అమ్ముకునే దారి లేక కౌలు రైతు నేరుగా దళారి చేతిలో పడతాడు.

దళారిని కట్టడి చేయడం కుదరని పని అని మాత్రం ఎవరూ చెప్పొద్దు. ప్రకాశం జిల్లా కొండపి దగ్గర మా బాబాయి పొగాకు వేస్తాడు. వర్జీనియా రకం పొగాకును పొగాకు బోర్డు వేలం కేంద్రంలోనే అమ్మాలి, ఆంధ్రాలో 1985 నుంచి ఇదే పద్ధతి. బేలు (పొగాకు కట్ట) అందరి ముందు తూస్తారు, ధర అందరి ముందు పలుకుతుంది, డబ్బు బ్యాంకు ఖాతాలో పడుతుంది. కంపెనీలు కొనకుండా వెనక్కి పంపే బేళ్ల గొడవ ఉంది, కాదనను, కానీ తూకంలో యాభై కిలోలు కొట్టేసే ధైర్యం అక్కడ ఎవరికీ లేదు. అదే నల్ల బర్లీ అనే ఇంకో రకం పొగాకు బోర్డు పరిధిలో లేదు, దాని రైతు కొనేవాడి దయ మీద బతకాల్సిందే. జిల్లా అదే, నేల అదే, అమ్మే చోటు మారితే రైతు బతుకే మారిపోతోంది.

2020లో కేంద్రం తెచ్చిన చట్టం యార్డు బయట పాన్ కార్డుంటే చాలు, ఎవరైనా కొనొచ్చంది. మరుసటి ఏడాదే రద్దయింది. టీవీల్లో రాత్రిళ్లు దానిమీద కొట్టుకుంటుంటే నాకు ఒళ్లు మండేది, యార్డు బయట అమ్మడం మాకు కొత్తా? మా తాతలనాటి నుంచీ బయటే కదా అమ్ముతున్నాం! మాకు కావాల్సింది బయట జరిగే బేరానికి కాగితం.

మీరూ వడ్లు అమ్మేవాళ్లయితే, బేరం పుట్టిలో ఆడినా చీటీ కిలోల్లో రాయించుకోండి. లారీని ఖాళీగా ఒకసారి, లోడుతో ఒకసారి మీరు ఎంచుకున్న వేబ్రిడ్జి మీద తూయించండి, దళారి చెప్పిన వేబ్రిడ్జి వద్దు. ఒక్కరే అడిగితే లారీ వెళ్లిపోతుంది, కాబట్టి ఆ వీధిలో కల్లాలున్న నలుగురూ ముందే మాట్లాడుకుని అడగండి. ఎరువుల అప్పు మాత్రం సొసైటీలో దొరికితే అక్కడే తీసుకోండి, కాళ్లరిగేలా తిప్పినా సరే.