పాత తెలుగు నవల ఇప్పుడు ఎక్కడా దొరకడం లేదు. స్కాన్ చేసి నెట్‌లో పెట్టొచ్చా?

ముందు రచయిత ఎప్పుడు పోయారో చూడండి. పుస్తకం ఎప్పుడు అచ్చయిందన్నది కాదు లెక్క. 1957 కాపీరైట్ చట్టం ప్రకారం, రచయిత పోయిన మరుసటి జనవరి 1 నుంచి 60 ఏళ్లు హక్కు ఉంటుంది. అడివి బాపిరాజు గారు 1952లో పోయారు, 2012 డిసెంబరుతో ఆయన రచనలు అందరివీ అయిపోయాయి. చలం గారు పోయింది 1979లో. అందుకని 1920లలో అచ్చయిన ఆయన పుస్తకానికైనా 2039 ఆఖరు దాకా ఆగాల్సిందే. అనువాదమైతే మూలరచయితవీ అనువాదకుడివీ రెండు తేదీలూ చూడాలి.

చాలామంది దెబ్బతినేది మాత్రం ఇంకోచోట. నవల మీద హక్కు తీరిపోయినా, మీ చేతిలో ఉన్నది 1980ల మలిముద్రణ అయితే అందులో కొత్త పీఠిక, అట్ట మీద బొమ్మ ఉంటాయి. వాటి హక్కులు వేరే. బొమ్మ బాపు గారిదైతే 2074 ఆఖరు దాకా. ఆ పేజీలు తీసేసి పెట్టండి, లేదా తొలి ముద్రణ వెతకండి.

హక్కు ఇంకా ఉందనుకోండి. "మార్కెట్లో లేదు కదా" అన్నది అనుమతి కాదు. మంచి పుస్తకాలు బీరువాల్లో చెదలు పట్టిపోతుంటే చూడటం కష్టమే, కానీ దారి వారసుల గుమ్మం మీదుగానే. ప్రచురణకర్త "హక్కులు మావే" అంటే ఒప్పందం చూపమనండి. 1995 మే తర్వాత రాసుకున్న దాంట్లో గడువు వేయకపోతే అది 5 ఏళ్లకే చెల్లు, హక్కు తిరిగి రచయిత కుటుంబానిదే. అంతకుముందు రాసుకున్న కాగితాలకు ఈ సౌకర్యం లేదు, అందులో ఏం రాసుకుంటే అదే.

అనుమతి నోటిమాటగా తీసుకోవద్దు. పెద్దబ్బాయి ఒక్కరే కాదు, వారసులంతా సంతకం చేయాలి. పుస్తకం పేరు, ముద్రణ ఏడాది, ఏ లైసెన్సు అన్నది ఉత్తరంలో ఉండాలి. రచయిత పేరు చెప్పి, అదే షరతు మీద ఎవరైనా వాడుకోవచ్చనే క్రియేటివ్ కామన్స్ లైసెన్సు, అంటే సీసీ బై-ఎస్‌ఏ అయితే ఎవరైనా అచ్చేసి అమ్ముకోవచ్చని కూడా ముందే విడమరిచి చెప్పండి. ఆ మాట దాచిపెడితే రేపు ఎవరో అమ్మినప్పుడు కుటుంబం మోసపోయామనుకుంటుంది, ఆ తర్వాత ఇంకెవరికీ అనుమతి ఇవ్వదు.

వారసులు ఎంతకీ దొరక్కపోతే అదే చట్టం సెక్షన్ 31ఏ కింద ప్రచురించడానికి కోర్టును లైసెన్సు అడగొచ్చు గానీ, పత్రికా ప్రకటనలూ కోర్టు ఖర్చూ ఉంటాయి. ఈలోగా మీ ప్రతిని దగ్గర్లోని పౌర గ్రంథాలయానికి ఇవ్వండి. దేశంలో అమ్మకానికి లేని పుస్తకానికి లాభాపేక్ష లేని గ్రంథాలయం తన వాడకానికి మూడు ప్రతుల దాకా తీసుకోవచ్చు, సెక్షన్ 52 ఒప్పుకుంటుంది.