గొట్టం తొక్కిన పిల్లాడు

ప్రశ్న: ఐదో తరగతికి పాఠాలు చెబుతాను. ఎండాకాలం సెలవులకు ముందురోజు పిల్లలు ఎలాగూ పుస్తకం తెరవరు. పాత మూకీ కామెడీ చూపిద్దామనుకుంటున్నా. మాటల్లేకపోతే కూర్చుంటారా? అయినా వాటిలో మనుషులు అంత గబగబా ఎందుకు నడుస్తారు?
– ఒక టీచరు, పలమనేరు

జవాబు: కూర్చుంటారమ్మా. అల్లరికి మాటలెందుకు?

మా బడిలో గంటంటే చెట్టుకు వేలాడదీసిన రైలు పట్టా ముక్క. సెలవులిచ్చే రోజు దాన్ని కొట్టే కడ్డీని ముగ్గురం కలిసి చింతచెట్టు తొర్రలో దాచేశాం. గంట కొట్టకపోతే లెక్కల పీరియడ్ మొదలవదని మా లెక్క. ఇంటిబెల్లు కూడా మోగదన్న సంగతి తట్టలేదు! అయ్యోరు చెవులు మెలిపెట్టి, అరగంట ఎక్కువే కూర్చోబెట్టారు.

మీరు ముందుగా ఫ్రాన్స్‌లో తొలినాళ్ల సినిమాలు తీసిన లూయీ లూమియేర్ 1895లో తీసిన తోటమాలి సినిమా వేయండి. నిమిషం కూడా ఉండదు. ఆ ఏడాది డిసెంబర్ 28న పారిస్‌లో టికెట్టు పెట్టి చూపించిన పదింటిలో అదొకటి. మాలి గొట్టంతో మొక్కలు తడుపుతుంటాడు. వెనక నుంచి ఓ కుర్రాడొచ్చి గొట్టం తొక్కుతాడు. నీళ్లాగుతాయి. ఏమైందా అని మాలి గొట్టం మూతిలోకి చూస్తాడు. కుర్రాడు కాలు తీస్తాడు. ఇక చెప్పాలా!

పిల్లలు నవ్వడం అయ్యాక మళ్లీ వేయండి. పారిపోతున్నవాణ్ని పట్టుకున్న మాలి, అక్కడే బాదకుండా ముందుకు లాక్కొచ్చి మరీ బాదుతాడు. కెమెరా ఉన్నచోటు నుంచి కదలదు, దెబ్బలేమో మనకు కనబడాలి. నాకు నీళ్లకన్నా దానికే ఎక్కువ నవ్వొస్తుంది. చెవి మెలిపెట్టించుకున్నవాణ్ణి కదా.

ఇక గబగబ నడక. తిరుపతిలో కొన్నేళ్లు ప్రొజెక్టర్ ఆడించినవాణ్ణి కాబట్టి ఇది నా సబ్జెక్టే. అప్పటి కెమెరాను చేత్తో తిప్పేవారు. సెకనుకు సుమారు 16 బొమ్మలు పడేవి. మాటలొచ్చాక అది 24 అయింది. 16తో తీసినదాన్ని 24తో ఆడిస్తే నడక ఒకటిన్నర రెట్లవుతుంది. కామెడీవాళ్లు కొందరు కావాలనే ఇంకా నెమ్మదిగా తిప్పేవారు, తెరమీద పరుగులు పెట్టాలని. మీ ఫోన్లో మరీ పరిగెత్తుతుంటే వేగం 0.75కి తగ్గించండి.

పీరియడ్ నిండాలంటే అమెరికా నిర్మాత హాల్ రోచ్ 1922లో మొదలుపెట్టిన ‘అవర్ గ్యాంగ్’ మూకీలున్నాయి. వీధి పిల్లల జట్టు, ఒక్కోటి ఇరవై నిమిషాలు. మధ్యలో వచ్చే ఇంగ్లిషు రాతను మీరే మన యాసలో చదివి చెప్పండి.

గంట కొట్టే కడ్డీ ఎక్కడుందో మాత్రం పొద్దున్నే చూసుకోండి.